మూగజీవి గొంతుకు అడ్డుపడినప్పుడు

మాంసాహారుల ఇండ్లలో ఆదివారపు భోజనములు ముగిసిన పిమ్మట విస్తళ్ళలో మిగిలిన బొమికలను ప్రోగుచేసి, వాకిట తోక యాడించుచు ఎదురుచూచుచున్న కుక్కకు వేయుట మనకు తరతరములుగా వచ్చుచున్న అలవాటు. అది ప్రేమతో పెట్టునదియే. తిను ప్రాణికిని అది పండుగయే. కాని ఆ బొమికలలో ఒకటి ఎన్నడైన అడ్డము తిరిగి కంఠమున చిక్కుకొన్నచో, ఇంటిల్లిపాదియు చుట్టు మూగి, ఒకరు నీళ్ళు పోయుమనియు, ఒకరు అరటిపండు మ్రింగింపుమనియు, ఇంకొకరు నోటిలో వ్రేలు పెట్టి లాగుమనియు కేకలు వేయుచుండగనే ఆ ప్రాణికి మిగిలియున్న కొలది నిమిషములును గడచిపోవును. మనుష్యునకు పొలమారినప్పుడు నడినెత్తిపై తట్టి, ఎవరో తలచుకొనుచున్నారని పలికి, మంచినీళ్ళ గ్లాసు అందింతుము. చాలసార్లు అంతటితో సరిపోవును. పెంపుడు జంతువు విషయమున అంతటితో సరిపోదు. ఏలయన తనకు ఏమయినదో అది చెప్పలేదు, మనమే చూచి తెలిసికొనవలెను. ఆంధ్ర మహాభారతమున ఆదిపర్వారంభముననే సరమ యను దేవశుని, తన బిడ్డను అకారణముగ కొట్టిరని జనమేజయుని యొద్దకు వచ్చి నిలదీసి మాటలాడినది. మన వాకిటి శునకమునకు ఆ వాక్కు లేదు.

ప్రథమచికిత్స యనగానే చేతులతో ఏమి చేయవలెనో తెలిసికొనుటయే యని చాలమంది తలంతురు. నా యభిప్రాయమున ఈ సందర్భమున చేతులకంటె ముందు కన్నులు పనిచేయవలెను. గాలి ఆడుచున్నదా, ఆడుట లేదా, అసలు ఇది గొంతుకు అడ్డుపడిన లక్షణమేనా లేక వేరొక వ్యాధియా అను ప్రశ్నలకు పది లెక్కపెట్టునంతలో సమాధానము తెచ్చుకొనగలవాడు సగము చికిత్స చేసినవాడే. ఈ విచక్షణ లేక తొందరపడి చేయి చాచినవాడు ఒక్కొక్కప్పుడు ప్రాణికి మేలు చేయక పోవుటయే కాక తన ప్రాణమునకే ముప్పు తెచ్చుకొనును. ఆ ముప్పు ఎట్టిదో మున్ముందు చెప్పెదను. మన దేశమున దానిని చెప్పక ఈ విషయమును ముగించుట ధర్మము కాదు.

మొదట కంఠనిర్మాణమును కొంచెము తెలిసికొందము. కుక్కకును పిల్లికిని, మనకు వలెనే, నోటి వెనుక రెండు మార్గములు చీలును. మెడ ముందువైపున స్వరపేటికతో ఆరంభమగునది శ్వాసనాళము. దాని వెనుకనున్నది అన్నవాహిక. మ్రింగునపుడెల్ల ఒక పలుచని మృదులాస్థి మూతవలె వంగి శ్వాసనాళపు ద్వారమును కప్పివేయును. ఆత్రముతో నమలక మ్రింగుచున్న ప్రాణి ఆ క్షణముననే గాలిని గట్టిగ పీల్చినచో ముద్ద దారి తప్పి స్వరపేటిక మీదనో, దానిలోపలనో చిక్కుకొనును. అది మార్గమును పూర్తిగ మూసివేసినచో కొన్ని క్షణములలోనే ప్రాణి సొమ్మసిల్లును. ప్రాణవాయువు అందక 4, 5 నిమిషములు గడచినచో మెదడునకు మరల సరిదిద్దరాని హాని ఆరంభమగును. అన్నవాహికలో చిక్కుకొన్న వస్తువు సంగతి వేరు. అది మెడ ఱొమ్మున ప్రవేశించుచోటనో, హృదయమునకు ఎగువనో, ఉదరమునకు చేరువనో నిలిచిపోయి చొంగ కార్పించును, తిన్నదానిని వెంటనే కక్కించును, నొప్పి పుట్టించును. కాని ఊపిరి ఆడుచునేయుండును. అదియును ప్రమాదమే, ఆలస్యమైనచో గోడకు పుండుపడి చిల్లియైన పడవచ్చును, అయినను అక్కడ మనకు గంటల వ్యవధి యున్నది, వైద్యుని యొద్దకు కొనిపోవుటయే కర్తవ్యము. నోటిలోనే పై దవడపండ్లకు నడుమ అడ్డముగ బిగిసిన బొమిక, క్రింది దవడకు ఉంగరమువలె తగుల్కొన్న గుండ్రని నల్లి బొమిక, చూచుటకు భీతి గొల్పినను, ప్రాణాపాయకరములు కావు.

గాలిమార్గము మూసికొనిపోయిన కుక్క ఎట్లుండును? అంతవరకు తినుచునో, బంతితో ఆడుచునో ఉన్నది అకస్మాత్తుగ ఆగిపోవును, మెడ చాచును, ముందుకాళ్ళతో మూతిని గోకికొనును, లేదా మూతిని నేలకు రాచును, కన్నులు విశాలములగును, ఱొమ్ము ఎగిసిపడుచున్నను గాలి లోనికి పోవు చప్పుడు వినరాదు. మొఱుగదు, మూలుగదు. చిగుళ్ళు మామూలుగ గులాబివర్ణమున నుండునవి బూడిదవన్నెకును, నీలమునకును తిరుగును. నల్లని చిగుళ్ళుగల కుక్క అయినచో నాలుకను చూడవలెను. ఈ నిశ్శబ్దమే అన్నిటికంటె భయంకరమైన సూచన. దగ్గు వినబడుచున్నచో గాలి ఆడుచున్నదని యర్థము. గట్టిగ దగ్గుచున్న ప్రాణిని పట్టుకొని నొక్కుట, తలక్రిందులు చేయుట అపకారమే యగును, ఏలయన మనము చేయగల దేదియు దాని దగ్గుతో సమానముగ పనిచేయదు. అట్టి సమయమున కంఠపట్టీని విప్పివేసి, పిల్లలను దూరముగ పంపి, ప్రాణిని బెదరింపక, ప్రక్కనుండి కనిపెట్టుచు, వాహనమును సిద్ధము చేసికొనుట మంచిది.

గొంతుకు అడ్డుపడినట్లు కనబడి, నిజమునకు అడ్డుపడని స్థితులును ఉన్నవి. కొన్ని కుక్కలు ఉన్నట్టుండి నాలుగు కాళ్ళపై బిగిసి నిలిచి, మెడ చాచి, గురకపెట్టినట్లు గాలిని ముక్కుగుండ లోపలికి గుంజుకొనును. తుమ్ము వెనుకకు పోవుచున్నదా యనిపించు ఈ స్థితి ఒక నిమిషమునకు లోపుననే తనంత తానే శమించును, చిగుళ్ళు గులాబివర్ణముననే యుండును. పామరేనియన్ వంటి చిన్నజాతులలో వయస్సు మీరినకొలది శ్వాసనాళము మెత్తబడి, బాతు అరచినట్లు పొడిదగ్గు వచ్చుచుండును. పదికుక్కలు ఒకచోట నుండి వచ్చినపుడు అంటుకొను దగ్గువ్యాధి యొకటి కలదు. అందు దగ్గు చివర తెల్లని నురుగు కక్కుట చూచి ఏదో గొంతున పడినదని యజమానులు భ్రమింతురు. పిల్లి కడుపు నేలకానించి, మెడ సాచి, డొక్కలెగరవేయుచున్నచో తఱచుగ అది నాకి మ్రింగిన వెండ్రుకల ఉండను కక్కుటకు చేయు యత్నమే. పెద్దజాతి కుక్క ఏమియు రాకుండ పదే పదే డోకుచు, పొట్ట తప్పెటవలె బిగిసియున్నచో అది గొంతుకకు సంబంధించిన వ్యవహారము కాదు, కడుపు ఉబ్బి మెలిపడిన లక్షణము. అప్పుడు ఇంట చేయదగిన చికిత్స ఏదియు లేదు, తక్షణమే శస్త్రవైద్యము కావలెను.

ఇక మున్ముందు చెప్పెదనన్న ముప్పు. రేబీస్ అనగానే నోట నురుగుతో ఊరిమీదపడి కరచు పిచ్చికుక్కయే మన మనస్సున మెదలును. ఆ వ్యాధికి మఱియొక రూపము కలదు. అందు ఉగ్రత్వ ముండదు, పక్షవాత ముండును. దవడకండరములు చచ్చుబడి క్రింది దవడ వ్రేలాడును, మ్రింగుటకు శక్తి లేక చొంగ ధారగ కారును, గొంతు మారును, కుక్క మూలనొదిగి దీనముగ చూచుచుండును. చూచువారికి అది అచ్చముగ గొంతున బొమిక యిరుక్కొన్నట్లే తోచును. పశువైద్యులు తమ విద్యార్థులకు నేర్పు హెచ్చరికలలో ఇది యొకటి: బొమిక అడ్డుపడినదని యజమాని తెచ్చిన కుక్కయందు రేబీస్ ఉండవచ్చునని మఱవకుడు. ఆవులయందును గేదెలయందును ఇంతే. మేత మ్రింగలేక చొంగ కార్చుచున్న పశువు గొంతులో ఏదో పడినదని మోచేతివరకు చేయి పెట్టి వెదకిన రైతు, ఆ చేతిమీద చిన్న గీత యున్నను, వ్యాధిక్రిములను తన యొంటికి అంటించుకొన్నవాడగును. ఆ క్రిమి చొంగలోనే యుండును. లక్షణములు పైకి కనబడుటకు కొన్నిదినములు ముందునుండియు ఉండును. మనుష్యునకు ఆ వ్యాధి లక్షణములు పొడసూపిన పిమ్మట దాదాపుగ ఎవరును బ్రతుకరు.

అందుచేత ఈ రెంటికి భేదమును గట్టిగ జ్ఞప్తియందుంచుకొనవలెను. నిజముగ గొంతుకు అడ్డుపడినది అకస్మాత్తుగ, చాలవఱకు మన కన్నుల యెదుటనే, తిండితోనో ఆటతోనో సంబంధించి జరుగును; ప్రాణి కాళ్ళతో మూతి గోకికొనుచు పెనగులాడును. రేబీస్ గంటలమీదను, దినములమీదను ముదురును. అంతకుముందు కుక్క నడవడి మారియుండును, తిండి మానియుండును. వ్రేలాడు దవడను అది గోకికొన ప్రయత్నింపదు. అది ఏమి తినెనో ఎవరును చూడనప్పుడు, దవడ జారి చొంగ కారుచున్నప్పుడు, ముఖ్యముగ అది వీధికుక్కయో, టీకాలు వేయింపని కుక్కయో అయినప్పుడు, నోటిలో చేయి పెట్టరాదు; గదిలోనుంచి తలుపు మూసి పశువైద్యుని పిలువవలెను. పొరపాటున చొంగ తగిలినను, పన్ను గీచికొన్నను, ఆ భాగమును ధారగా పడు నీటి క్రింద సబ్బుతో 15 నిమిషములు కడిగి, ఆనాడే ఆసుపత్రికి పోవలెను. మన ప్రభుత్వాసుపత్రులలో చర్మములోనికిచ్చు టీకాను తొలిదినమునను, 3వ, 7వ, 28వ దినములందును వేయుదురు. గాయమును బట్టి దానితోపాటు వేరొక సూదిమందును అవసరమగును. 1885 జూలై 6వ తేదీన పారిస్ నగరమున లూయీ పాశ్చర్ తొమ్మిదేండ్ల బాలునకు ఇప్పించిన తొలి టీకానుండి నేటివరకు వైద్యశాస్త్రము సాధించినదంతయు, లక్షణములకు ముందు టీకా వేయించుకొన్నవానికే అక్కరకు వచ్చుచున్నది.

ఇపుడు కన్నులు తమ పని ముగించినవి. ఇది నిజముగ అడ్డుపడినదే, గాలి ఆడుట లేదు, ప్రాణి మన యింటిది, టీకాలు వేయించినది అనుకొందము. ఇద్దఱున్నచో ఒకరు ప్రాణిని కదలకుండ పట్టుకొనవలెను. ఒక చేతిని పై దవడమీదుగ వేసి, దాని పెదవులను దాని పండ్లమీదికే మడచి పట్టుకొన్నచో, కరువబోయిన తన పెదవియే తనకు తగులునుగనుక అది గట్టిగ కరువదు. రెండవచేత క్రింది దవడను దించి, టార్చి వెలుగున లోపల చూడుడు. నాలుకను తడిగుడ్డతో పట్టి ముందునకు లాగినచో కంఠద్వారము బాగుగ కనబడును. వస్తువు కంటికి కనబడుచు, అందుబాటులో నున్నప్పుడే పట్టకారుతోనో, వంటింటి చిమటాతోనో ప్రక్కనుండి పట్టి తీయవలెను. కనబడనిదానికై వ్రేళ్ళతో తడవులాడుట రెండు విధముల ప్రమాదము: వస్తువు ఇంకను లోపలికి పోవచ్చును, నాలుక మొదట దానికి ఆధారముగ నుండు సహజమైన చిన్న యెముకలను బొమికముక్కలని భ్రమించి లాగివేయవచ్చును. కొన ఊపిరితో నున్న కుక్క ఎంత సాధువైనను ఆ సమయమున యజమానిని గుర్తింపదనియు, కరచుట దాని దోషము కాదనియు మఱవరాదు.

చేతికి అందనిచో గాలివిసురుతోనే దానిని వెడలగొట్టవలెను. ఈ ఉపాయమునకు ఒక చరిత్ర కలదు. అమెరికాలోని సిన్సినాటి నగరమున శస్త్రవైద్యుడుగ నుండిన హెన్రీ హైమ్లిక్, భోజనశాలలలో గొంతుకు అడ్డుపడి మరణించువారిని గూర్చి ఆలోచించి, ఊపిరితిత్తులలో ఎల్లప్పుడును కొంత గాలి నిలువయుండునుగదా, ప్రక్కటెముకలకు క్రిందుగ పొట్టను హఠాత్తుగ పైకి నొక్కి ఉదరవితానమును ఎగదట్టినచో ఆ గాలియే అడ్డును త్రోసివేయదా యని ఊహించెను. ఆ యూహను మొదట పరీక్షించినది మత్తుమందిచ్చిన బీగిల్ జాతి కుక్కలమీదనే. వాని శ్వాసనాళమున అడ్డు పెట్టి నొక్కిచూచి, అది ఎగిరిపడుట కనిపెట్టి, 1974లో ఆ పద్ధతిని ప్రకటించెను. అది లెక్కలేనంతమంది మనుష్యులను బ్రతికించినది. నేడు అదే పద్ధతితో మనము కుక్కను బ్రతికింపజూచుట, ఆ జాతికి మనుష్యజాతి తీర్చవలసిన ఋణములో ఒక స్వల్పభాగము.

పద్ధతి శరీరపరిమాణమును బట్టి మారును. చిన్నకుక్కను, పిల్లిని వెనుక తొడలను పట్టి ఎత్తి, తల క్రిందికి వ్రేలాడునట్లు కొన్నిక్షణములు ఉంచినచో వస్తువు తన బరువునకు తానే జారి పడవచ్చును. పెద్దకుక్క అయినచో ముందుకాళ్ళు నేలమీద నుంచి వెనుకకాళ్ళను మాత్రము ఎత్తిపట్టవలెను. అంతటితో కానిచో, రెండు భుజపు పలకలకు నడుమ అరచేతి మడమతో అయిదుసార్లు విసురుగ చరవవలెను. చిన్నదానికి చిన్నదెబ్బ, పెద్దదానికి పెద్దదెబ్బ. అదియు ఫలింపనిచో పొట్ట నొక్కుట. నిలుచున్న పెద్దకుక్కను వెనుకనుండి కౌగిలించుకొని, చివరి ప్రక్కటెముకలకు కొంచెము వెనుకగ, పొట్ట మెత్తగనున్నచోట పిడికిలి నుంచి, రెండవచేతితో దానిని పట్టి, లోపలికిని, తలవైపునకును ఒక్క ఊపున అయిదుసార్లు నొక్కవలెను. పండుకొనియున్నచో ఒకచేతిని వీపున ఆనించి రెండవచేతితో అట్లే తలవైపునకు నొక్కవలెను. పిల్లికిని, అరచేతిలో ఇముడు కుక్కపిల్లకును రెండు మూడు వ్రేళ్ళ బలమే చాలును. అంతకు మించినచో కాలేయమో ప్లీహమో చిట్లును. ప్రతి విడతకు చివర నోరు తెరచి చూచి, వస్తువు పైకి వచ్చియున్నచో తీసివేసి, లేనిచో మరల చరచుట, మరల నొక్కుట. ఈలోగ రెండవమనిషి వాహనము తీయుచుండవలెను. పద్ధతులన్నియు పూర్తియైన పిమ్మట బయలుదేరుదమని కూర్చుండరాదు.

రబ్బరుబంతి విషయము ప్రత్యేకము. అది నోటిలోనికి పట్టునంత చిన్నదై, చొంగతో జారి, దవడపండ్ల వెనుకకు పోయినచో మరల వెలుపలికి రాదు. వ్రేళ్ళకు పట్టు చిక్కదు, లాగిన కొలది లోపలికే జారును. దీనిని లోపలనుండి కాక వెలుపలనుండియే తీయవలెను. కుక్కను వెల్లకిలనో ప్రక్కకో పండుకొనబెట్టి, దవడక్రింద గొంతును తడవినచో బంతి గుండ్రముగ చేతికి తగులును. దానికి దిగువగ రెండు బొటనవ్రేళ్ళ నుంచి, మెడనుండి నోటివైపునకు పైకి ఎగదట్టినచో అది బయటపడును. ఈ కిటుకు తెలిసిన యజమానులు మిక్కిలి తక్కువ. తెలియనివారు నోటిలో వ్రేళ్ళతో ఎంత పెనగులాడినను ఆ బంతిని వెలికి తీయలేరు.

ప్రాణి స్పృహ తప్పి పడిపోయినచో నిరాశ చెందవలసిన పనిలేదు. కండరములు సడలుటచేత ఆ వఱకు రాని వస్తువు ఒక్కొక్కప్పుడు అప్పుడే వచ్చును. కరచు భయమును తగ్గును. నాలుక లాగి, నోరు శుభ్రము చేసి చూడవలెను. ఊపిరి లేనిచో హృదయమర్దనము ఆరంభింపవలెను. జంతువులకు ఈ ప్రక్రియ ఎట్లు చేయవలెనో పశు అత్యవసర వైద్యనిపుణులు 2012లో రికవర్ అను పేర నియమములు వెలువరించిరి. 2024లో వానిని సవరించిరి. ప్రాణిని ప్రక్కకు పండుకొనబెట్టి, ఱొమ్ము వెడల్పుగ నున్నచోట, డాబర్‌మన్ వంటి లోతైన ఱొమ్ముగలదైనచో మోచేయి ఱొమ్మునకు తగులుచోట, నిమిషమునకు 100 నుండి 120 మాఱులు, ఱొమ్ము వెడల్పులో మూడవవంతు మొదలు సగమువఱకు అణగునట్లు నొక్కవలెను. పిల్లికి ఱొమ్మును ఒక గుప్పిటనే ఇముడ్చుకొని నొక్కవచ్చును. 30 సార్లు నొక్కిన పిమ్మట, మూతిని మూసిపట్టి ముక్కుగుండ రెండుసార్లు గాలి ఊదవలెను. ప్రతి ఊపిరికి ఱొమ్ము లేచుచున్నదో లేదో చూచుకొనవలెను. రెండు నిమిషములకొకమాఱు నొక్కు మనిషి మారినచో బలము తగ్గకుండును. టీకాల సంగతి తెలియని జంతువునకు నోటితో గాలి ఊదరాదు, ఱొమ్ము నొక్కుట మాత్రము చేయవచ్చును. ఇంత చేసినను అన్నియు బ్రతుకవు.

చేయరానివి కొన్ని కలవు. గొంతున చేపముల్లు గ్రుచ్చుకొన్న మనుష్యునకు అన్నపుముద్ద మ్రింగించు అలవాటు మనకున్నది. దానిని జంతువునకు పెట్టరాదు. నీళ్ళుగాని, నూనెగాని, నేయిగాని గొంతులో పోసినచో తిన్నగ ఊపిరితిత్తులలోనికి పోయి, అడ్డు తొలగినను, వారములోపల నిమోనియాతో ప్రాణము తీయగలవు. కక్కించుటకు ఉప్పునీళ్ళు త్రాగించుట విషప్రాయము. పిల్లి నోటినుండి దారపుకొన వ్రేలాడుచున్నచో దానిని లాగరాదు. మన ఇండ్లలో పూలదండల దారములు, కుట్టుసూదిలో మిగిలిన దారపు ముక్కలు పిల్లికి ఆటవస్తువులు. ఆ దారము నాలుకక్రింద చుట్టుకొని, రెండవకొన ప్రేగులలో ఉండవచ్చును, చివర సూదియు నుండవచ్చును. లాగినచో ప్రేగును కోసివేయును.

పాడిపశువు పెంపుడుజంతువే కనుక ఒక మాట. మామిడికాలమున తోటలలో మేయు ఆవులు పచ్చికాయలను, టెంకలను, చిలగడదుంపలు త్రవ్వినచోట దుంపలను నమలక మ్రింగి అన్నవాహికలో చిక్కించుకొనును. నెమరువేయు జంతువు కడుపులో నిరంతరము గాలి పుట్టుచుండును. అది త్రేనుపుగ వెడలవలసిన మార్గము మూసికొనిపోవుటచేత ఎడమ డొక్క ఉబ్బి, చూచుచుండగనే వీపు మట్టమునకు లేచి, ఊపిరితిత్తులను అణచివేయును. ఇక్కడను వెదురుగొట్టముతో నూనె పోయుట పాతవాడుక, అది మానవలెను. పశువును ముందుకాళ్ళు ఎత్తుగ నుండునట్లు గట్టునకు ఎక్కించి నిలిపి, వైద్యుని పిలువవలెను. ఆయన మెడవెలుపలనుండి కాయను పైకి త్రోయునో, గొట్టము దింపునో, డొక్కను గొట్టపుసూదితో పొడిచి గాలి తీయునో, అది ఆయన నిర్ణయము. రెండు తెలుగు రాష్ట్రములలోను 1962 అను సంఖ్యకు ఫోను చేసినచో సంచార పశువైద్య వాహనమును పంపు ఏర్పాటు కలదు. పట్టణములలో పశువైద్యశాలలును, తిరుపతి, గన్నవరము, రాజేంద్రనగరముల పశువైద్య కళాశాలలకు చేరియున్న ఆసుపత్రులును ఉన్నవి.

అడ్డు బయటపడి, కుక్క లేచి తోక యాడించినంతనే పని ముగిసినదని తలంపరాదు. స్వరపేటిక గాయపడి వాచి, కొన్ని గంటలకు మరల మూసికొనవచ్చును. మూసికొన్న మార్గముగుండ గాలికై విపరీతముగ పెనగులాడిన ఫలితముగ ఊపిరితిత్తులలో నీరు చేరుట కలదు. మన నొక్కుడుచేత పొట్టలోని అవయవములకు దెబ్బ తగిలియుండవచ్చును. ఆనాడే వైద్యునికి చూపి, మఱునాటివఱకు ఊపిరి వేగమును కనిపెట్టవలెను. పగ్, బుల్‌డాగ్ వంటి పొట్టిమూతి జాతులకు ఈ జాగ్రత్త మఱింత అవసరము. వాని గాలిమార్గము పుట్టుకతోనే ఇఱుకు.

నివారణ విషయమున నా మాట కొందఱికి కటువుగ తోచవచ్చును. ఉడికిన బొమికలను కుక్కకు వేయవలదు. ఉడుకుటచేత బొమిక పెళుసెక్కి, కొఱికినప్పుడు చీలికలై సూదులవలె విఱుగును. కోడి బొమికలు మఱింత ప్రమాదకరములు. తోలుతో చేసిన నమలుడుబిళ్ళలు నాని మెత్తబడిన పిమ్మట తునకగ ఊడి గొంతును మూయును. చిన్నముక్క మిగిలినప్పుడు తీసివేయవలెను. మామిడిటెంకను, మొక్కజొన్నకండెను, కొబ్బరిచిప్పముక్కను కుక్కకు అందనీయరాదు. గొంతు దాటినను ప్రేగులలో చిక్కుకొనును. బంతి దాని నోటిలో పూర్తిగ పట్టనంత పెద్దదై యుండవలెను. లాబ్రడార్ వంటి తిండియాత్రముగల కుక్కకు వెడల్పైన పళ్ళెములో పరచి పెట్టవలెను; రెండు కుక్కలున్నచో వేర్వేరుచోట్ల పెట్టవలెను, పోటీయే వానిచేత నమలక మ్రింగించును. మూడుమాసముల వయస్సున తొలి రేబీస్ టీకాయు, పిమ్మట వైద్యుడు చెప్పిన గడువులలో తక్కినవియు తప్పక వేయింపవలెను. టీకా వేయించిన కుక్క నోటిలో చేయి పెట్టునప్పుడే రేబీస్ భయము తక్కువగ నుండును.

చివరగ పాఠకులకు ఒక విన్నపము. కుక్కపిల్ల ఇంటికి వచ్చిన వారముననే, దినమునకొకసారి దాని పెదవులెత్తి, నోరు తెరచి, నాలుకను ముట్టి, వెంటనే ఇష్టమైన తినుబండారము పెట్టుచుండుడు. దాని చిగుళ్ళ సహజమైన రంగును అప్పుడే చూచి జ్ఞాపకముంచుకొనుడు. మీ ఊరి పశువైద్యుని ఫోను సంఖ్యను, రాత్రివేళ తెరచియుండు ఆసుపత్రి సంఖ్యను, 1962ను కాగితముమీద పెద్ద అక్షరములతో వ్రాసి, ఇంటిలోని పిల్లలకును వృద్ధులకును కనబడుచోట అంటింపుడు.